నత్త కుక్కర్

మా కొట్టును వెనక్కి జరపమని కాగితం వచ్చేనాటికి నాకు పెళ్ళై ఇరవై రెండు రోజులు. ఆ ఉదయం నేను మా ఆయన చెవుల వంక చూస్తున్నాను. కత్తి నూరేటప్పుడు ఆయన చెవుల చివర్లు ఎర్రబడతాయి. ఎందుకలా అని అడిగితే ఇంకా ఎర్రబడతాయి. అందుకని రోజూ అడుగుతాను.

మా మార్కెట్ ఒక పెద్ద రేకుల హాలు. అందులో ముప్ఫై ఒక్క కొట్లు. పెద్ద తలుపులోంచి లోపలికి అడుగు పెట్టగానే కుడిచేతి వైపు మొదటిది మాది. పంది మాంసం. వరసగా ఇనుప కొక్కేలు, ఏళ్ళ తరబడి దెబ్బలు తిని మధ్యలో పళ్ళెంలా గుంటపడ్డ మొద్దు, వెనక తెల్ల పలకల గోడ, ఆ గోడని రోజుకి రెండుసార్లు వేడినీళ్ళతో కడిగే మా అత్తయ్య. మార్కెట్లో అందరూ ఆవిణ్ణి పెద్దక్క అంటారు. ఆవిడకంటే పెద్దవాళ్ళు కూడా అలాగే అంటారు.

పెళ్ళి కుదిరినప్పుడు మా పెద్దమ్మ ముక్కున వేలేసుకుంది. "మొక్కల మీద డిగ్రీ చేసిన పిల్ల మాంసం కొట్లో నిలబడుతుందా? నెల తిరిగేలోపు వాంతులు చేసుకుంటూ పుట్టింటికి రాకపోతే అడగండి. అవి శుభవార్త వాంతులు కూడా కావు" అంది. ఆ మాట మీద కోపంతోనే నేను మూడోరోజు నుంచి కొట్టుకి వెళ్ళడం మొదలుపెట్టాను. వాంతులు రాలేదు. పైగా నచ్చింది. పొద్దున్నే తడినేల మీద రేకుల సందుల్లోంచి పడే వెలుగు చారలు నచ్చాయి. మాంసం చుట్టే కాగితాన్ని ఒక్క లాగుతో సరిగ్గా చింపడం వచ్చినరోజు ఇంటికి పాడుకుంటూ వెళ్ళాను. అత్తయ్య ఎదుట మా ఆయన్ని "మీరు" అనడం, ఆవిడ అటు తిరగ్గానే "ఒరేయ్" అని పెదవులు మాత్రం కదపడం ఇంకా నచ్చింది. ఒకే కాలేజీ, ఒకే బెంచీ వరస. మీరు అంటే నాకే నవ్వొస్తుంది.

సరే, కాగితం. మార్కెట్ సూపర్‌వైజర్ తెల్లచొక్కా వేసుకుని, ఫైలు ఛాతీకి ఆనించుకుని వచ్చి మొద్దుకి నాలుగడుగుల దూరంలో ఆగాడు. చొక్కా మీద చుక్క పడుతుందని ఆయన ఎప్పుడూ నాలుగడుగుల దూరమే.

"పెద్దక్కా, కమిటీ అనుకుంది. వేసవి దాటాక మీ కొట్టు వెనక గోడ దగ్గరికి."

అత్తయ్య కత్తి ఆగలేదు. "వెనక గోడ దగ్గర ఏముంది?"

"ప్లేసుంది."

"ట్రేలు కడిగే తొట్టి ఉంది. మూడు కాళ్ళ పిల్లి ఉంది. కొనేవాళ్ళు ఉన్నారా?"

"మెల్లగా అలవాటవుతారు అక్కా. తలుపు దగ్గరే మాంసం వేలాడుతుంటే కొత్తగా వచ్చేవాళ్ళకి అదోలా ఉందంటున్నారు. లోపలికి రాగానే ఏదైనా అందంగా కనబడాలి కదా."

"నేను కనబడుతున్నాను కదా."

పక్క కొట్టు బన్నుల బాబాయి దగ్గు వచ్చినట్టు నవ్వు దాచుకున్నాడు. సూపర్‌వైజర్ ఫైలు ఇంకాస్త పైకి జరుపుకున్నాడు.

"ఎవరంటున్నారు?" అంది అత్తయ్య.

"అందరూ."

"అందరూ అంటే ముప్ఫై ఒక్కమంది. అందులో నేనొకదాన్ని, నేను అనలేదు. మిగతావాళ్ళని నా ముందు చేతులెత్తమను. ఎక్కువ చేతులు లేస్తే ఈ మొద్దు నేనే దొర్లించుకుపోతాను."

"అది న్యాయమే కదండీ" అన్నాడు బాబాయి. అటుపక్కవాళ్ళు కూడా అవునన్నారు. సూపర్‌వైజర్‌కి తప్పించుకునే దారి దొరకలేదు. వేసవి ఆఖరి ఆదివారం, మధ్యాహ్నం పన్నెండింటికి, కొట్టుకి ఒక చెయ్యి. అలా ఖాయమైంది.

ఎదురు కొట్లో తేనె మాస్టారు ఇదంతా వినబడనట్టు సీసాలు తుడుస్తున్నారు. బడిలో లెక్కలు చెప్పి రిటైరై తేనె అమ్ముకునే మనిషి. మర్యాదస్థుడు. మా మూల మీద ఆయన కన్నుందని మార్కెట్లో చీమకి కూడా తెలుసు.

*

మా ఇల్లు మేడ మీద మూడు గదులు. సాయంత్రం ఉతికి ఆరేసిన పెద్ద ఏప్రాన్లు మడతపెట్టే పని మా ఇద్దరిది. చెరో చివర పట్టుకుని, మడత వేసినప్పుడల్లా ఒకడుగు దగ్గరికి రావాలి. నాలుగో మడతకి ముక్కులు తగులుతాయి. ఆ పని నేనెవరికీ ఇవ్వను.

ఆరోజు మూడో మడత దగ్గర మా ఆయన ఆగిపోయాడు. "వెనక్కి వెళ్తే మూణ్ణెల్లు కూడా నడవదు" అన్నాడు. "అక్కడికి ఎవరొస్తారు? అమ్మ ఇరవై ఏళ్ళు ఆ తలుపు దగ్గర నిలబడింది. తీసేయాల్సి వస్తే తట్టుకోలేదు."

నాకు ఏడుపు రాలేదు, కోపం వచ్చింది. అదోలా ఉందట. ఆ కొక్కేలకి వేలాడే మాంసాన్ని ఎంత శుభ్రంగా పెడతారో నేను రోజూ చూస్తున్నాను. కోపం వస్తే నేను సర్దుతాను. గదిలో మూలనున్న పెళ్ళి కానుకల పెట్టెలు సర్దడం మొదలుపెట్టాను. నాలుగో పెట్టెలో కాలేజీ స్నేహితురాళ్ళు నలుగురూ కలిసి ఇచ్చిన స్లో కుక్కర్ ఉంది. నల్లటి బరువైన మట్టి గిన్నె, చుట్టూ కరెంటు తొడుగు, పైన గాజు మూత. దాన్ని చేతుల్లో పట్టుకుని వంటింట్లోకి వెళ్ళాను.

"అత్తయ్యా, చూస్తే అదోలా ఉందంటున్నారు కదా. వాసన చూపిద్దాం."

ఆవిడ దాన్ని చుట్టూ తిరిగి చూసింది. "ఎంతసేపట్లో ఉడుకుతుంది?"

"ఏడెనిమిది గంటలు."

"ఏడెనిమిది గంటల్లో నత్త కూడా ఊరు దాటుతుంది." ఆ క్షణం నుంచి అది నత్త కుక్కరే. తర్వాత ఆవిడ నవ్వు ఆపి అడిగింది. "ఓట్ల కోసం తిండి పెడతావా?"

నా బుర్రలో ఉన్నది సరిగ్గా అదే.

"మన కొట్టు, మన మాంసం, మన మధ్యాహ్నం భోజనం" అన్నాను చివరికి. "ఎక్కడో ఎందుకు, తలుపు దగ్గరే వండుకుందాం."

"తలుపు దగ్గరే?"

"సరిగ్గా తలుపు దగ్గరే."

అది ఆవిడకి నచ్చింది. నచ్చినప్పుడు ఆవిడ కింది పెదవి పక్కకి లాగుతుంది. "ఎవరొచ్చి గిన్నె చాపినా పెడదాం. కానీ ఎవర్నీ ఏమీ అడక్కూడదు. పెట్టిన చేత్తో అడిగితే అది తిండి కాదమ్మాయ్, ఎర."

సరేనన్నాను. వీపు వెనక వేళ్ళు మెలిపెట్టి అబద్ధం ఆడటం చిన్నప్పుడే మానేశాను గానీ, ఆరోజు దాదాపు అంతపనీ చేశాను.

మొదటి వంట ఇంట్లోనే చేసి చూశాం, సెలవు రోజున. నా లెక్క ప్రకారం తీపి, కారం రెండూ సమానంగా ఉండాలి. ఎండుమిరపకాయలు నానబెట్టి రుబ్బాను. వెల్లుల్లి, అల్లం, ఉల్లిపాయ, నాలుగు చెంచాల తేనె, కాస్త వెనిగర్. మాంసం మాత్రం నేనే ఎంచుకున్నాను, వీపు వైపు కొవ్వు లేని నాజూకు ముక్కలు. మీట తిప్పి ఏడు గంటలు కూర్చున్నాం. మూత తీస్తే ముక్కలు బూడిదరంగులో, గోరువెచ్చటి పులుసులో స్నానం చేస్తున్నట్టున్నాయి. నేను తిప్పింది ఉడికించే మీటకి కాదు, ఉడికినదాన్ని వెచ్చగా ఉంచే మీటకి.

అత్తయ్య ఒక ముక్కని ఏకంగా మెటికతో నొక్కి చూసింది. "బతికున్నప్పుడే ఇంతకంటే మెత్తగా ఉండేది" అంది.

మా ఆయన నేల మీద కూర్చుని నవ్వాడు. నేను కూడా నవ్వాను, కళ్ళలో నీళ్ళు తిరుగుతున్నా.

ఆ తర్వాత ఆవిడే చెయ్యి పెట్టింది. "నాజూకు ముక్క నాలుగు నిమిషాల మంటకి. ఇంత ఓపికున్న గిన్నెకి జబ్బ ముక్క కావాలి. రోజంతా బరువు మోసిన కండ. గట్టిది, ఎవరూ కొనరు. కొవ్వు తీయకు. ఆ కొవ్వే దానికి నూనె." మిరపకాయలు నేను ఎనిమిది వేస్తే ఆవిడ పధ్నాలుగు చేసింది. ఆవిడ అటు తిరిగినప్పుడు నేను తేనె ఇంకో రెండు చెంచాలు వేశాను. ఆవిడ చూసింది. చూసి ఇంకో రెండు మిరపకాయలు వేసింది. అలా మేమిద్దరం ఒకరి మీద ఒకరు పంతం పట్టి ఎక్కడ ఆగామో, మా వంట లెక్క అదే అయింది.

రెండోసారి మూత తీసినప్పుడు చెంచా తగలగానే ముక్క పొరలు పొరలుగా విడిపోయింది. ముదురు ఎరుపు పులుసు, జిగురుగా, మెరుస్తూ. మొదట నాలిక మీద తీపి, అది నమ్మించి లోపలికి తీసుకెళ్ళాక కారం. మా ఆయన చెవులు రెండూ పూర్తిగా ఎర్రబడ్డాయి. ముగ్గురం గిన్నె అడుగు గీకేదాకా తిన్నాం.

*

మర్నాటి నుంచి ఐదున్నరకి కొట్టు తెరవగానే మొదటి పని నత్తకి ప్లగ్గు పెట్టడం. తలుపు వైపు అరుగు మీద, అందరికీ కనబడేట్టు. తేనె మాస్టారి దగ్గరే కొనేవాళ్ళం. "మంచి తేనె ఇంకెక్కడ దొరుకుతుంది" అనేది అత్తయ్య. నేనైతే కావాలనే వెళ్ళి, కావాలనే నవ్వి, "మా కూరలోకి మాస్టారూ" అని చెప్పి తెచ్చేదాన్ని.

పదకొండు దాటేసరికి వాసన లేచేది. మొదటిరోజు బన్నుల బాబాయి రెండుసార్లు అటూ ఇటూ నడిచాడు. మూడోసారి ఆగి, "ఏం లేదు, గాలి ఎటు వీస్తోందా అని" అన్నాడు.

"గిన్నె తెచ్చుకో" అంది అత్తయ్య.

ఆయన గిన్నె తేలేదు, బన్నుని నిలువుగా చీల్చి చాపాడు. అందులో మూడు ముక్కలు, ఒక గరిటె పులుసు. చివరి తునకదాకా తిని, వెళ్ళి, ఒక పళ్ళెం నిండా బన్నులు తెచ్చి మా అరుగు మీద పెట్టాడు.

నాలుగోరోజు సూపర్‌వైజర్ వచ్చాడు. నాలుగడుగుల దూరంలో ఆగి, "అక్కా, హాల్లో పొయ్యి పెట్టకూడదు. రూలు" అన్నాడు.

"పొయ్యి ఎక్కడుంది?"

"ఇది ఉడుకుతోంది కదా."

"ఉడుకుతోంది. మంట చూపించు."

ఆయన మెడ సాచి చూశాడు. మంట లేదు. పొగ లేదు. గాజు మూత కింద నెమ్మదిగా ఒక బుడగ లేచి పగిలింది, అంతే.

"దగ్గరికొచ్చి చూడు, కరవదు" అంది అత్తయ్య.

ఆయన రెండడుగులు వేశాడు. మార్కెట్లో చేరాక అంత దగ్గరికి రావడం అదే మొదటిసారట. మూత మీద ఆవిరి, దాని వాసన ఆయన ముక్కుకి తగలడం నేను చూశాను. మనిషి కళ్ళు ఒక్క క్షణం మూసుకున్నాడు. వెంటనే తెరిచి, "రూలు కనుక్కుని చెప్తాను" అని వెళ్ళిపోయాడు. మళ్ళీ చెప్పలేదు.

తర్వాత ఐదువారాలు గిన్నెల వారాలు. పూలావిడ ఆకుపచ్చ గాజు గిన్నె తెచ్చేది. తాళాలు బాగుచేసే ఆయన టీ కప్పు తెచ్చి, ముప్పావు నింపితే "పూర్తిగా నింపాలనుకుంటే నిండుతుందమ్మా" అనేవాడు. నత్త నిండా వండినా రెండింటికి అడుగు కనబడేది. వేసవి ఎండకి రేకులు పెనంలా కాలుతున్నా, కారానికి చెమటలు పడుతున్నా జనం మా తలుపు దగ్గరే నిలబడేవాళ్ళు. అదోలా ఉందన్నవాళ్ళు ఎవరో నాకు మాత్రం కనబడలేదు.

నేను మనసులో గిన్నెలు లెక్కపెట్టేదాన్ని. పదకొండు. పద్నాలుగు. ఐదోవారానికి పంతొమ్మిది కొట్ల గిన్నెలు. ముప్ఫై ఒకటిలో పంతొమ్మిది అంటే గెలిచినట్టే. సంతోషం పట్టలేక ఒకరోజు పూలావిడ గిన్నె నింపుతూ, "ఆదివారం గుర్తుందిగా అక్కా" అన్నాను.

వెనక నుంచి ఒక చెయ్యి వచ్చి గరిటె తీసుకుంది.

"అమ్మాయ్, కాగితాలు చింపు పో" అంది అత్తయ్య. పూలావిడ వైపు తిరిగి, "దానికి పెళ్ళి మత్తు ఇంకా దిగలేదు, ఏదేదో అంటుంది. పట్టించుకోకు" అని గిన్నె అందించింది.

ఆ రోజూ మర్నాడూ నాకు గరిటె ఇవ్వలేదు. నేను మూతి ముడుచుకుని కాగితాలు చింపాను. మా ఆయన పక్కనుంచి, "ఎర వేశావా" అని గుసగుసగా అడిగాడు.

"గెలవాలని నీకు లేదా?" అన్నాను.

"ఉంది. ఆవిడకీ ఉంది." ఆయన కత్తి తీసి నూరడం మొదలుపెట్టాడు. "ఆవిడకి కావాల్సిన గెలుపు రకం వేరు."

*

ఆఖరి ఆదివారం. నా పథకం నాకుంది. అడగకూడదు, సరే. అడగను. కానీ మీటింగు పన్నెండింటికి. పదకొండున్నరకల్లా వంట సిద్ధమైతే, ముప్ఫై ఒక్కమందీ తిని, నోట్లో ఆ రుచి ఉండగానే చేతులెత్తుతారు. ఎవరు మాత్రం ఎలా కాదంటారు? రాత్రే మసాలా కలిపి పెట్టుకున్నాను. అంచుదాకా నింపి, రోజూ కంటే గంట ముందే ప్లగ్గు పెట్టి, మీట ఎక్కువ వేడికి తిప్పాను. గంటలు వేళ్ళ మీద లెక్కవేసుకున్నాను. సరిపోతుంది.

ఈ గిన్నెకి ఒక గుణం ఉంది. మూత తీయకూడదు. ఒక్కసారి తీస్తే లోపలి వేడంతా పోయి, మళ్ళీ పుంజుకోవడానికి అరగంట పడుతుంది. ఈ సంగతి అత్తయ్యకి నాకంటే బాగా తెలుసు. ఐదువారాలుగా మూత మీదికి చెయ్యి పోనిచ్చినవాళ్ళని కాగితపు చుట్టతో కొడుతున్నది ఆవిడే. తాళాలాయన చేతి మీద రెండు దెబ్బలు పడ్డాయి.

ఏడింటికి ఆవిడ వచ్చి మూత తీసింది. ఆవిరి భుస్సున లేచింది.

"ఉప్పు చూస్తున్నాను" అంది.

ఉప్పు రాత్రే చూశాం.

ఎనిమిదిన్నరకి మళ్ళీ వచ్చింది. "నీళ్ళు సరిపోయాయో లేదో." మూత పక్కన పెట్టి, గరిటెతో అడుగు నుంచి కలిపి, తీరుబడిగా మూత తుడిచి మరీ పెట్టింది. నాకు ఒళ్ళు మండింది. అంత పొద్దెక్కాక అలా కలిపితే పదకొండున్నరకి ఎలా అవుతుంది?

తొమ్మిదిన్నరకి ఏ కారణమూ చెప్పలేదు. తీసింది, చూసింది, పెట్టింది. మొద్దు దగ్గరికి వెళ్ళి పని చేసుకుంది. అప్పుడు నాకు అర్థమైంది. అర్థమయ్యాక కోపం ఇంకా పెరిగింది. వెళ్ళి కుక్కర్ ముందు, దానికి వీపు ఆనించి నిలబడ్డాను.

పదిన్నరకి ఆవిడ చేతులు తుడుచుకుంటూ వచ్చింది. నా ముందు ఆగింది. జరగమనలేదు. ఆ వేళకి హాలు జనంతో నిండిపోయింది, ఎవరో గట్టిగా బేరమాడుతున్నారు, పూలమీద నీళ్ళు చల్లుతున్నారు. ఆవిడ ముఖాన చెమట, కనుబొమ మీద చిన్న ఎముక పొట్టు అంటుకుని ఉంది. మామూలుగా అయితే తుడిచేదాన్ని. ఆవిడ నన్ను చూసిన చూపులో బతిమాలడం లేదు, గద్దింపు లేదు. నా వంతు ఏమిటో నన్నే చూసుకోమన్నట్టు ఊరికే నిలబడింది.

నేను పక్కకి జరిగాను.

ఆవిడ మూత తీసింది.

పదకొండున్నరకి బన్నుల బాబాయి వచ్చి, "ఏమ్మా, కాలేదా?" అన్నాడు. ఒక ముక్కని చెంచాతో నొక్కి చూపించాను. చెంచా వంగింది.

"ఏమైంది?" అన్నాడు మా ఆయన కంగారుగా. "గంట ముందే పెట్టావు కదా?"

"ప్లగ్గు సరిగ్గా పెట్టలేదు" అన్నాను. "నాదే పొరపాటు."

మొద్దు దగ్గర కత్తి చప్పుడు ఒక్కసారి ఆగి, మళ్ళీ మొదలైంది.

*

హాలు మధ్యలో ఖాళీ జాగాలో అందరూ చేరారు. సూపర్‌వైజర్ ఒక ట్రే బోర్లించి దాని మీద నిలబడ్డాడు. "జరపాలి అనేవాళ్ళు."

చేతులు ఒక్కొక్కటిగా లేచాయి. ముందు మాస్టారు. తర్వాత నాకు గిన్నెలతో సహా గుర్తున్న చేతులు ఐదు. ఆకుపచ్చ గాజు గిన్నె కూడా అందులో ఉంది. పూలావిడ నా వంక చూడలేదు.

"పదహారు. వద్దనేవాళ్ళు."

బాబాయి రెండు చేతులూ ఎత్తాడు, ఒకటి దించమన్నారు. తాళాలాయన ఎత్తాడు. అత్తయ్య కుడిచెయ్యి ఏప్రానుకి శుభ్రంగా తుడుచుకుని ఎత్తింది. సూపర్‌వైజర్ రెండుసార్లు చూసుకున్నాడు.

"పదిహేను."

ఒక్క చెయ్యి. ఒక్కటంటే ఒక్కటి. కొట్టు దగ్గరికి తిరిగొచ్చేవరకూ ఆపుకున్నాను. మా ఆయన మా మొహాలు చూడలేక నీళ్ళ పంపు దగ్గరికి వెళ్ళిపోయాక, "తిని ఉంటే ఆ ఒక్క చెయ్యీ లేచేది అత్తయ్యా" అన్నాను.

"లేచేది" అంది ఆవిడ.

"గెలిచేవాళ్ళం."

"గెలిచేవాళ్ళం. రేపు మాస్టారు కోడి వండుకొస్తాడు. అప్పుడు అటు లేస్తుంది. మనం రోజూ ఆ చెయ్యికి కాపలా కాయాలి." ఆవిడ కత్తిని మొద్దు మీద అడ్డంగా పెట్టింది. "ఇప్పుడు చూడు. పదిహేనుమంది ఎత్తారు. ఖాళీ కడుపుతో."

అప్పుడు ఆవిడ కింది పెదవి పక్కకి లాగడం చూశాను.

రెండున్నరకి వంట అయింది. అత్తయ్య గరిటె తీసి నా చేతిలో పెట్టింది. "అందర్నీ పిలు. రెండు వైపులవాళ్ళనీ."

నేను హాలు మధ్యలోకి వెళ్ళి పిలిచాను, గొంతు ఎంత పెద్దగా లేస్తే అంత పెద్దగా. సిగ్గుపడాల్సింది మేం కాదు కదా. వచ్చారు. ముందు మావాళ్ళు, వాళ్ళ వెనక కాళ్ళీడ్చుకుంటూ మిగతావాళ్ళు. అందరికీ మూడేసి ముక్కలు, ఒక గరిటె పులుసు. ఎవరికీ తగ్గించలేదు. పూలావిడకి వడ్డించేటప్పుడు నా చెయ్యి తక్కువ వేస్తుందేమోనని నేనే భయపడి, ఒక ముక్క ఎక్కువ పడేసరికి నాలుక కరుచుకున్నాను.

ఆఖర్న తేనె మాస్టారు వచ్చారు. కళ్ళజోడు తీసి తుడుచుకున్నారు.

"పెద్దక్కా, నేను మీకు వ్యతిరేకంగా ఎత్తాను."

"చూశాను. గిన్నె ఇటివ్వండి."

"గిన్నె తేలేదు."

"తెచ్చుకోండి మరి. చల్లారిపోతుంది."

ఆయన వెళ్ళి, వెడల్పు మూతి ఖాళీ తేనె సీసానే మూత ఊడదీసి తెచ్చారు. ఇంకేదీ దొరకలేదట. అందులోనే వేశాను. నిలబడే తిన్నారు. మొదటి ముక్కకి దగ్గారు, రెండో ముక్కకి కళ్ళల్లో నీళ్ళు తిరిగాయి.

"తేనె మీదే మాస్టారూ" అన్నాను, ఊరుకోలేక.

"తెలుస్తోంది" అన్నారాయన. బడిపంతులు కదా, "ఒక చెంచా ఎక్కువైంది" అన్నారు.

"నేనూ అదే మొత్తుకుంటున్నాను" అంది అత్తయ్య.

*

మొదటి వాన పడిన సోమవారం జరిగాం. అన్న మాట ప్రకారం మొద్దుని అత్తయ్యే దొర్లించింది. మా ఆయనని ముట్టుకోనివ్వలేదు. నన్ను మాత్రం ఒక పక్క పట్టమంది. అది హాలు పొడుగునా దొర్లుతుంటే అందరూ కొట్లలోంచి లేచి దారిచ్చారు. మధ్యలో ఒకసారి ఆగి ఊపిరి తీసుకున్నాం. "అలిసిపోయావా?" అంది. లేదన్నాను. "పెద్దమ్మకి ఫోన్ చేసి చెప్పు, ఇంకా వాంతులు కాలేదని" అంది. ఆ మాట ఆవిడకి ఎవరు చెప్పారో నాకు తెలుసు. మా ఆయన చెవులు చూస్తే చాలు.

వెనక గోడ దగ్గర చీకటి, తడి, తొట్టి. మూడు కాళ్ళ పిల్లి మమ్మల్ని చూసి, తన ఇంట్లోకి అడక్కుండా వచ్చామన్నట్టు దూరంగా కూర్చుంది. కొక్కేలు బిగించడానికి గోడకి ఆనించిన పాత రేకులు తీస్తుంటే, వాటి వెనక ఇనుప తలుపు కనబడింది. మనిషెత్తు గడియ, తుప్పుపట్టి గోడలో కలిసిపోయింది. ఎన్నాళ్ళుగా మూసి ఉందో ఎవరికీ తెలీదు. మా ఆయన గడియకి కొవ్వు రాశాడు. మా దగ్గర దానికి లోటు లేదు. నేను సుత్తి తీసుకున్నాను. ఆరు దెబ్బలకి కదిలింది. తొమ్మిదో దెబ్బకి ఊడింది. ముగ్గురం భుజాలు పెట్టి నెట్టాం.

అవతల వీధి. ఎదురుగా బట్టల మిల్లు, పొద్దుటి షిఫ్టు దిగి గొడుగులతో బయటికొస్తున్న మనుషులు. వాన గాలి ఒక్కసారిగా లోపలికి కొట్టింది. మా వెనక నుంచి, నత్త మూత సందుల్లోంచి, వాసన అదే దారిన బయటికి వెళ్ళింది.

సూపర్‌వైజర్ పరుగున వచ్చాడు. "అక్కా, ఇదేంటి, ఇది తెరవడానికి..."

"కమిటీని పిలు" అంది అత్తయ్య. "చేతులెత్తించు. ఈసారి అన్నం పెట్టాకే ఎత్తిస్తాను."

ఆయన ఫైలు తెరిచాడు, మూశాడు, అక్కడే నిలబడిపోయాడు.

గొడుగు మడుస్తూ ఒకావిడ గడప దగ్గర ఆగింది. మిల్లు బట్టల్లో ఉంది, తల మీద దూది పోగులు. లోపలికి తొంగి చూసి, "ఏమండీ, వెనక తలుపులోంచి రావచ్చా?" అని అడిగింది.

అత్తయ్య మొద్దు మీంచి తలెత్తలేదు. కత్తి చివరతో హాలు అటు చివర చూపించింది.

"వెనక తలుపు అటుందమ్మా, తేనె కొట్టు దగ్గర. ఇది ముందు తలుపు."